50 లక్షల గృహరుణం: 20 ఏళ్లా, 30 ఏళ్లా? అసలు ఖర్చు ఎక్కడ పడుతుంది?

కొండాపూర్_ఫ్లాట్:
రెడీగా ఉన్న ఫ్లాట్, లోను 50 లక్షలు, ఫ్లోటింగ్ (మారుతూ ఉండే వడ్డీ) 8.5 శాతం. 20 ఏళ్లకైతే ఈఎంఐ 43,391. 30 ఏళ్లకైతే 38,446. లోను ఏజెంటు 30 పెట్టుకోమంటున్నాడు, నెలకు మిగిలే 4,945 సిప్‌లో (నెలనెలా మ్యూచువల్ ఫండ్‌లో పెట్టుబడి) వేస్తే చివరికి లాభమేనట. ఇంట్లో పెద్దవాళ్లేమో 50కి కోటి పైన కట్టడమేంటి, 15 ఏళ్లకే తీర్చెయ్ అంటున్నారు. లెక్క తెలిసినవాళ్లు చెప్పండి.

వడ్డీలెక్క:
మూడూ పక్కపక్కన పెట్టి చూడండి. 15 ఏళ్లకైతే ఈఎంఐ 49,237, మొత్తం వడ్డీ 38.6 లక్షలు. 20కి వడ్డీ 54.1 లక్షలు. 30కి 88.4 లక్షలు. నెలకు ఐదు వేల లోపు తేడా, చివరికి 34 లక్షలు తినేస్తుంది.

కారణం మొదటి నెలలోనే కనబడుతుంది. 50 లక్షల మీద 8.5 శాతం అంటే నెల వడ్డీ 35,417. 20 ఏళ్ల ఈఎంఐలో ఇది పోను అసలుకి చేరేది 7,974. 30 ఏళ్ల ఈఎంఐలో 3,029 మాత్రమే. 20 ఏళ్ల లోనులో కూడా ఐదేళ్లు కట్టాక చూస్తే చెల్లించింది 26 లక్షలు, తగ్గిన అసలు 5.94 లక్షలు, ఇంకా 44.06 లక్షల బాకీ ఉంటుంది. సగం అసలు తీరడానికి 166 నెలలు, అంటే దాదాపు 14 ఏళ్లు పడుతుంది. 15 ఏళ్ల ఈఎంఐ మోయగలిగితే వేరే ఆలోచన వద్దు.

డిస్కౌంట్_రేటు:
వడ్డీలెక్క గారూ, అంకెలు కరెక్టే, వాటి మీద తీర్పు తప్పు. ఇవాళ కట్టే రూపాయినీ 25 ఏళ్ల తర్వాత కట్టే రూపాయినీ ఒకటిగా కూడి "88 లక్షల వడ్డీ" అని భయపెట్టడం లెక్క కాదు. డబ్బు ఎక్కువ కాలం వాడుకుంటే ఎక్కువ వడ్డీ పడుతుంది, అందులో మోసమేముంది? మీ మూడు లోన్ల ధరా ఒక్కటే, ఏడాదికి 8.5 శాతం.

నెలకు 4,945 చొప్పున 20 ఏళ్లు సిప్ వేసి 12 శాతం వస్తే 48.9 లక్షలు. అదే రోజున 30 ఏళ్ల లోనులో మిగిలిన బాకీ 31 లక్షలు. అది కట్టేసినా దాదాపు 18 లక్షలు చేతిలో ఉంటాయి. ఏజెంటు కమీషన్ కోసమే చెప్పి ఉండొచ్చు, మాట మాత్రం తప్పు కాదు.

వడ్డీలెక్క:
12 శాతం ఎవరు రాసిచ్చారండీ? పన్ను ఎందుకు వదిలేశారు? ఈక్విటీ ఫండ్ మీద దీర్ఘకాలిక లాభంలో 1.25 లక్షలు దాటినదానికి 12.5 శాతం, పైన సెస్. ఒకేసారి అమ్మితే మీ 48.9లో 4.6 లక్షలు అటే పోతాయి. మిగులు 13 లక్షలు.

10 శాతమే వచ్చిందనుకోండి, పన్ను పోను 34.4 లక్షలు. 31 బాకీ తీరిస్తే 3.4 లక్షలు మిగులుతాయి. 20 ఏళ్లు మార్కెట్ ఎత్తుపల్లాలు భరించినందుకు ఇదీ ప్రతిఫలం. 9 శాతమైతే 30.4 లక్షలే, బాకీ తీరడానికి కూడా చాలదు. దాదాపు 9.2 దాటితేనే 30 ఏళ్ల దారి గెలుస్తుంది, అదీ 240 నెలల్లో ఒక్కటి కూడా ఆపకుండా వేస్తే. లోను ముందే కడితే వచ్చే 8.5 శాతానికి పన్నూ లేదు, రిస్కూ లేదు.

డిస్కౌంట్_రేటు:
ప్రతి ఏడాది 1.25 లక్షల దాకా లాభం అమ్మి మళ్లీ కొంటూ పోతే పన్ను బాగా తగ్గుతుంది. మీ 9.2 గీత కిందికి దిగుతుంది. ఆపకుండా వేయడం గురించి మీరన్నది ఒప్పుకుంటున్నా. కానీ అది మనిషి అలవాటు సమస్య, లోనుది కాదు.

రీసెట్_రాణి:
ఇద్దరూ 8.5 రాయి మీద గీత అన్నట్టు మాట్లాడుతున్నారు. ఫ్లోటింగ్ లోనుకి అసలు దెబ్బ రేటు మారినప్పుడు తగులుతుంది.

2021లో 6.9 శాతానికి 20 ఏళ్లకు 50 లక్షలు తీసుకుంటే ఈఎంఐ 38,465. రెపో (బ్యాంకులకు ఆర్‌బీఐ అప్పిచ్చే రేటు) 2022 మేలో 4 శాతం నుంచి కదిలి 2023 ఫిబ్రవరికి 6.5కి చేరింది. రెపోకి కట్టిన లోను ఆ లెక్కన 9.4 అయింది. పెంపు విడతలుగా వచ్చింది, ఇక్కడ సులువు కోసం ఒకేసారి వేస్తున్నా. 18 నెలలు కట్టాక బాకీ 48.16 లక్షలు. 9.4 చొప్పున నెల వడ్డీ 37,728. ఈఎంఐ పెంచకుండా వదిలేస్తే అసలుకి వెళ్లేది 737 రూపాయలు. ఆ లెక్కన తీరడానికి ఇంకా 507 నెలలు, 42 ఏళ్లు! మిగిలిన 222 నెలల్లోనే తీరాలంటే ఈఎంఐ 45,836 చేయాలి. ఈఎంఐ పెరగలేదు కదా అని సంతోషపడ్డవాళ్లలో చాలామందికి లోపల జరిగింది ఇదే.

ఇప్పుడు ఇక్కడి ప్రశ్నకి వద్దాం. రేటు పెరిగితే తట్టుకోవడానికి మీకున్న వెసులుబాటు మొదటి నెలలో అసలుకి పోయే సొమ్మే. 30 ఏళ్ల లోనులో 3,029 అన్నారు. ఏడాదికి లెక్కేస్తే అది 50 లక్షల మీద 0.73 శాతం. అంటే మొదట్లో రేటు ముప్పావు శాతం పెరిగితే చాలు, ఈఎంఐ వడ్డీకే సరిపోదు. 20 ఏళ్లకి ఆ వెసులుబాటు 1.9 శాతం, 15కి 3.3 శాతం. పైగా 30 ఏళ్లు ముందే వాడేసుకుంటే కాలవ్యవధి పెంచుకునే చోటు ఉండదు, వయసు పరిమితి అడ్డొస్తుంది. అప్పుడు ఈఎంఐ ఒక్కసారిగా పెరుగుతుంది. సిప్ ఆగేది సరిగ్గా ఆ నెలలోనే.

కొండాపూర్_ఫ్లాట్:
ఇదెవరూ చెప్పలేదండీ. రేటు పెరిగినప్పుడు బ్యాంకు మనల్ని అడగదా?

రీసెట్_రాణి:
అడగాలి. 2023 ఆగస్టు 18 నాటి ఆర్‌బీఐ సర్క్యులర్ ప్రకారం ఈఎంఐ పెంచుకుంటారా, కాలం పెంచుకుంటారా, రెండూ కొంత కొంతా అన్న ఎంపిక మీకివ్వాలి. ఈఎంఐ వడ్డీకి కూడా చాలని స్థితి రానివ్వకూడదు. మూడు నెలలకోసారి స్టేట్‌మెంటులో ఇప్పటిదాకా వసూలైన అసలు, వడ్డీ, మిగిలిన ఈఎంఐల సంఖ్య ఉండాలి. మిగిలిన ఈఎంఐల సంఖ్య ఒక్కటి చూసుకుంటే చాలు. గత త్రైమాసికం కన్నా మూడు తగ్గకపోతే ఏదో మారినట్టే. వెంటనే ఈఎంఐ పెంచమని రాతపూర్వకంగా ఇవ్వండి.

తగ్గినప్పుడూ అంతే. 2025 ఫిబ్రవరి నుంచి జూన్ లోపు రెపో 6.5 నుంచి 5.5కి దిగింది. అప్పుడు ఈఎంఐ తగ్గించమని అడక్కండి, పాత ఈఎంఐనే ఉంచి నెలలు తగ్గించుకోండి.

ఇంకోటి, లోను బ్యాంకుదా, హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీదా? 2019 అక్టోబర్ 1 నుంచి బ్యాంకులు కొత్త ఫ్లోటింగ్ లోన్లను రెపో లాంటి బయటి ప్రమాణానికి కట్టాలి, మూడు నెలలకోసారైనా రేటు సరిచూడాలి. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకు ఆ నియమం లేదు. వాటిది సొంత పీఎల్‌ఆర్, అంటే కంపెనీయే నిర్ణయించుకునే మూల రేటు. ఎక్కడం త్వరగా, దిగడం నిదానం.

గుంటూరు_ఆడిటర్:
శాంక్షన్ లెటర్ పక్కన కేఎఫ్‌ఎస్ (లోను ముఖ్య వివరాల పత్రం) అని ఒకటి ఇస్తారు. 2024 అక్టోబర్ నుంచి తప్పనిసరి. అందులో ఏపీఆర్ (ఖర్చులన్నీ కలిపిన ఏడాది రేటు) చూడండి, 8.5 ఉండదు. ప్రాసెసింగ్ ఫీజు, దాని మీద 18 శాతం జీఎస్టీ, లీగల్, వాల్యుయేషన్, ఇన్సూరెన్స్ ఇలాంటివన్నీ కలిపి లక్ష రూపాయలు అనుకుందాం. చేతికొచ్చింది 49 లక్షలు, ఈఎంఐ మాత్రం 50 లక్షలకి. 20 ఏళ్లు పూర్తిగా కడితే నిజమైన రేటు 8.78. అదే లోను ఐదేళ్లకే మూసేస్తే అదే లక్ష 60 నెలల మీదే పడుతుంది, రేటు 9.02 అవుతుంది. కేఎఫ్‌ఎస్‌లో ఉండేది పూర్తి కాలానికి వేసిన లెక్క. త్వరగా తీర్చేవాళ్లూ, రెండేళ్లకోసారి బ్యాంకు మార్చేవాళ్లూ ముందుగా కట్టే ఖర్చుల దగ్గరే బేరమాడాలి.

ఇన్సూరెన్స్ సంగతి వేరే చెప్పాలి. సింగిల్ ప్రీమియం లక్షన్నర అని లోనులోనే కలిపేస్తారు. మీరు గమనించేది లోను 51.5 లక్షలైనప్పుడే. ఆ లక్షన్నరకి నెలకు 1,302 చొప్పున 20 ఏళ్లలో 3.12 లక్షలు కడతారు. లోనుకి జీవిత బీమా తప్పనిసరి అని ఆర్‌బీఐ నియమం ఏదీ లేదు. బయట టర్మ్ పాలసీ తీసుకుని ఏటా ప్రీమియం కట్టుకోండి, లోను తీరినా అది కొనసాగుతుంది. బ్రాంచిలో "సిస్టం ఒప్పుకోదు సార్" అంటారు. కాగితం మీద రాసివ్వమంటే సిస్టం ఒప్పుకుంటుంది.

వరంగల్_వాసు:
అన్నా, పన్ను మినహాయింపు లెక్క ఎవరూ జెప్తలేరు. అది కలిపితే వడ్డీ తగ్గుతది కదా?

గుంటూరు_ఆడిటర్:
ఆదాయపన్ను కొత్త విధానంలో ఉంటే, సొంతంగా ఉండే ఇంటికి సున్నా. పాత విధానంలో వడ్డీ మీద ఏడాదికి 2 లక్షల దాకా. ఈ లోనుకి మొదటి ఏడాది వడ్డీయే 4.21 లక్షలు, సగానికి పైగా వడ్డీకి మినహాయింపు లేదు. 30 శాతం శ్లాబులో సెస్ కలిపి ఆదా 62,400, అంటే మొదట్లో రేటు సుమారు 1.25 శాతం తగ్గినట్టు. భార్యాభర్తలిద్దరూ ఇంటికి యజమానులై, లోనులోనూ ఉండి, ఇద్దరూ కడుతుంటే ఎవరి 2 లక్షలు వారికి. అయితే ఆ మినహాయింపు కోసం పాత విధానంలోనే ఉండిపోవడం లాభమా నష్టమా అన్నది విడిగా వేసుకోవాలి. చాలామందికి ఇప్పుడు కొత్తదే మేలు.

డిస్కౌంట్_రేటు:
రాణి గారి 0.73 పాయింటు బలమైనది, నా వాదన కొంచెం మార్చుకుంటున్నా. 30 ఏళ్లకి తీసుకుని మొదటి నెల నుంచి 43,391 కట్టండి. పైన కట్టే 4,945 ప్రతి నెలా అసలుకి జమ అయితే 20 ఏళ్లలోనే తీరుతుంది, వడ్డీ కూడా అదే 54.1 లక్షలు. ఉద్యోగం పోతే 38,446కి దిగొచ్చు. వ్యక్తుల ఫ్లోటింగ్ గృహరుణాలకి ముందస్తు చెల్లింపు రుసుము లేదు కాబట్టి ఈ వెసులుబాటు ఉచితం.

వడ్డీలెక్క:
కాగితం మీద బాగుంది. మూడు చోట్ల తన్నుతుంది. కొన్ని సంస్థలు ఒక ఈఎంఐ కన్నా తక్కువ పార్ట్ పేమెంట్ తీసుకోవు. ఆన్‌లైన్లో ఎక్కువ కట్టిన సొమ్మును కొన్నిచోట్ల రాబోయే ఈఎంఐకి అడ్వాన్సుగా పెట్టుకుంటారు, అసలులోంచి తీయరు. మూడోది, పార్ట్ పేమెంట్ పడ్డాక ఈఎంఐ తగ్గించేసి కాలం అలాగే ఉంచుతారు.

ఆ మూడోదాని విలువ చూడండి. 20 ఏళ్ల లోనులో ఐదేళ్ల తర్వాత 5 లక్షలు కట్టారనుకోండి. ఈఎంఐ అలాగే ఉంచితే 180 నెలలు 144 అవుతాయి, ఆదా అయ్యే వడ్డీ 10.7 లక్షలు. కాలం అలాగే ఉంచి ఈఎంఐ 38,467కి తగ్గిస్తే ఆదా 3.9 లక్షలే. ఫారంలో "టెన్యూర్ తగ్గించండి" అని రాయాలి, తర్వాత స్టేట్‌మెంటు తీసి చూసుకోవాలి.

డిస్కౌంట్_రేటు:
రెండో దాంట్లో తగ్గిన 4,924 నెలనెలా మీ జేబులోనే ఉంది కదండీ, దాన్ని లెక్కలోంచి మాయం చేశారు! దాన్ని మళ్లీ లోనుకే కడితే రెండూ ఒకటే.

వడ్డీలెక్క:
కడితే. 😀

రీసెట్_రాణి:
డబ్బు అవసరానికి వెనక్కి తీసుకునేలా ఉండాలంటే ఓవర్‌డ్రాఫ్ట్ తరహా గృహరుణం అడగండి, ఎస్‌బీఐ మాక్స్‌గెయిన్ లాంటివి. ఖాతాలో పెట్టిన అదనపు సొమ్ము మేర వడ్డీ పడదు, కావాలంటే తీసుకోవచ్చు. రేటు కొంచెం ఎక్కువ ఉంటుంది. పావు శాతం ఎక్కువైతే 50 లక్షల మీద ఏడాదికి 12,500. ఆ మొత్తం రాబట్టాలంటే ఖాతాలో ఎప్పుడూ దాదాపు లక్షన్నర పడి ఉండాలి. అంత నిల్వ ఉండనివాళ్లకి మామూలు లోనే నయం.

కొండాపూర్_ఫ్లాట్:
15 ఏళ్లకి 49,237 కట్టగలను గానీ చేతిలో పెద్దగా మిగలదు. ఏడాదికి ఒక బోనస్ వస్తుంది. 20 పెట్టుకుని బోనస్ లోనుకి కడితే?

వడ్డీలెక్క:
అది మంచి మధ్యదారి. ఏటా ఒక్క ఈఎంఐ అదనంగా, అంటే 43,391 కట్టినా 16 ఏళ్ల 9 నెలల్లోపే తీరుతుంది, వడ్డీలో సుమారు 10.3 లక్షలు మిగులుతాయి. ముందు ఆరు నెలల ఈఎంఐలకి సరిపడా పక్కన పెట్టుకోండి. అది లేకుండా 15 ఏళ్లు పెట్టుకోమని నేను కూడా చెప్పను.

గుంటూరు_ఆడిటర్:
బ్యాంకు మార్చే ఆలోచన వస్తే: 44 లక్షల బాకీ, 15 ఏళ్లు మిగిలి ఉండగా అర శాతం తగ్గితే నెలకు 1,280, మొత్తం 2.3 లక్షలు. కొత్త బ్యాంకులో ప్రాసెసింగ్, లీగల్, మళ్లీ ఎంఓడీ (ఇంటి పత్రాలు తాకట్టు పెట్టినట్టు రాసే ఒప్పందం) రిజిస్ట్రేషన్ ఖర్చులు దీంట్లోంచి తీసేయాలి. ముందు పాత బ్యాంకులోనే కన్వర్షన్ ఫీజు కట్టి స్ప్రెడ్ (రెపో మీద బ్యాంకు కలిపే శాతం) తగ్గించమని అడగండి, చాలాసార్లు దాంతోనే పనవుతుంది.

లోను ఎప్పుడు తీరినా 30 రోజుల్లో ఒరిజినల్ పత్రాలు ఇవ్వాలి. బ్యాంకు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 పరిహారం. ఎంఓడీ రిజిస్టర్ అయి ఉంటే సబ్-రిజిస్ట్రార్ ఆఫీసులో దాని రద్దు కూడా రిజిస్టర్ చేయించి, కొత్త ఈసీ (ఆస్తి మీదున్న లావాదేవీలు, తాకట్లు చూపే ధ్రువపత్రం) తీసి చూసుకోండి. లేకపోతే అమ్మేటప్పుడు కొనేవాడి లాయరు ఈసీలో బ్యాంకు పేరు చూసి ఆపేస్తాడు.

వరంగల్_వాసు:
ఏజెంటుకి ఈ లింకు పంపు బ్రదర్.