ట్రైలర్‌లోనే కథంతా చెప్పేస్తే ఇంక సస్పెన్స్ ఎక్కడిది?

బాల్కనీటికెట్: ఈమధ్య థ్రిల్లర్ ట్రైలర్లు చూస్తుంటే విలన్ ఎవడో, మధ్యలో ఎవరు పోతారో రెండున్నర నిమిషాల్లోనే తెలిసిపోతోంది, ఇంక టికెట్ కొని ఏం చూడాలి చెప్పండి. కథ దాచిపెట్టి కూడా జనాన్ని థియేటర్‌కి లాగిన ట్రైలర్లు ఏమైనా ఉన్నాయా?

రీలుడబ్బా: 1960లో వచ్చిన 'సైకో' ట్రైలర్ చూడు బ్రో. ఆరు నిమిషాల పైనే ఉంటది. డైరెక్టర్ హిచ్‌కాక్ స్వయంగా వచ్చి ఆ మోటెల్, ఆ పాత ఇల్లు టూరిస్ట్ గైడ్ లాగా తిప్పి చూపిస్తాడు, ఇక్కడే జరిగింది అంటాడు, తీరా అసలు ముక్క దగ్గరకొచ్చేసరికి మాట మింగేస్తాడు, మనకేమో ఒళ్ళు మండిపోద్ది. చివర్లో షవర్ కర్టెన్ లాగగానే ఒక కేక. తమాషా ఏంటంటే అక్కడ అరిచేది సినిమాలో ఆ సీన్ చేసిన జానెట్ లీ కాదు, అదే సినిమాలో ఇంకో నటి వెరా మైల్స్!

సౌండ్‌పార్టీ: సౌండ్ సంగతి ఎవరూ ఎత్తరేంటి. 1979 'ఏలియన్' ట్రైలర్‌లో డైలాగే లేదు, ఒక గుడ్డు పగులుతుంది, తర్వాత సైరన్ లాంటి మోత, మనుషులు పరిగెత్తడం, అంతే. ఎందుకు పరిగెడుతున్నారో చెప్పడు. ఇప్పుడేమో ప్రతిదానికీ అదే ఢామ్మనే మోత, బోర్ కొట్టేసింది.

నేలక్లాస్: మన 'బాహుబలి 2' మర్చిపోయారా. 2017 ట్రైలర్‌లో యుద్ధాలన్నీ చూపించారు గానీ కట్టప్ప ఎందుకు చంపాడో మాత్రం బయటపెట్టలేదు. కాకపోతే ఆ ప్రశ్న 2015 నుంచే జనం నోట్లో నానుతోంది, ట్రైలర్ కట్ చేసినోడికి సగం పని తగ్గింది.

బాల్కనీటికెట్: సైకోది ఇప్పుడే చూశా, భలే ఉంది. మా ఆవిడ సినిమా కూడా పెట్టమంటోంది, ఎందులో ఉందో ఎవరైనా చెప్పండి.