అప్‌డేట్: గొర్రెపిల్ల కంటే రెండు పండ్ల (పాలపళ్లు పోయి రెండు పెద్ద పళ్లొచ్చి, తొలి ఈతకొచ్చిన) గొర్రెకే విలువెక్కువ

కళ్యాణదుర్గం దగ్గర మా నాయన మందలో ఏవి ఉంచాలి, ఏవి అమ్మాలి అని ఇంతకుముందు ఇక్కడ అడిగినాను. ముందు బతుకంతా ఉండేది పిల్లకే, కాబట్టి పునరుత్పత్తి విలువ (ఇకపై మందకు ఎన్ని పిల్లల్ని ఇస్తుందనే అంచనా) దానికే ఎక్కువ అనుకున్నాను. తప్పు. 1930లో జన్యుశాస్త్రవేత్త ఫిషర్ చెప్పిన లెక్కలో, ఇకపై వచ్చే ప్రతి ఈతనూ అప్పటిదాకా బతికే అవకాశంతో గుణించాలి. నేను వదిలేసింది అదే.

అప్పుడే పుట్టిన ఆడపిల్ల విలువ 1 అనుకోండి. మంద పెరక్కుండా తరక్కుండా ఉండి, 10 పిల్లల్లో 6 తొలి ఈత దాకా నిలిస్తే, ఆ పదింటి విలువంతా ఆ ఆరింటికే వస్తుంది గనక, నిలిచిన ఒక్కోదాని విలువ 10/6, సుమారు 1.67! పెరిగే మందలో ఇంకా ఎక్కువ. ఆ తర్వాత వయసుతో పడిపోతుంది.

నాయన పండ్లూడినవి అమ్మి, రెండు పండ్లవి ఉంచినాడు. ఏ వయసుది ఎన్ని ఈనిందో ఈ ఏడు నుంచి రాసిపెడుతున్నాను. ఓపికగా విడమరిచి చెప్పినోళ్లకు దండాలు.