రెండున్నర మీటర్ల వైరు లెక్కలో మిగిలింది 1/3 ఆ, 1/4 ఆ?

ప్రశ్న:
మా పాప ఆరో క్లాసు, భిన్నాల భాగహారం నడుస్తోంది. తిరగేసి గుణించడం బాగానే వచ్చు గానీ పద సమస్య ఇస్తే ఆగిపోతోంది. నిన్నటి లెక్క ఇదీ, రెండున్నర మీటర్ల వైరుని ముప్పావు మీటరు చొప్పున కోస్తే ఎన్ని ముక్కలొస్తాయి, ఎంత మిగులుతుంది అని. 5/2 × 4/3 చేస్తే 10/3, అంటే 3 1/3. మూడు ముక్కలు, 1/3 మీటరు మిగులు అని రాసింది. పుస్తకం వెనకేమో 1/4 మీటరు అనుంది. నేను చేసినా 1/3యే వస్తోంది, తప్పెక్కడండీ? అసలెందుకు తిరగేస్తాం అని అడిగితే కూడా చెప్పలేకపోయా.

జవాబు 1:
పాప చేసిన భాగహారం కరెక్టే, 1/3 పక్కన మీటరు అని రాయడమే తప్పు. మనం అడిగింది ఎన్ని ముక్కలు అని కదా, కాబట్టి వచ్చిన 3 1/3 కూడా ముక్కలే. మిగిలింది ఒక ముక్కలో మూడో వంతు, ముక్కేమో ముప్పావు మీటరు, దాంట్లో మూడో వంతంటే పావు మీటరు. పుస్తకమూ కరెక్టే.

జవాబు 2:
నేనైతే ముందు సూత్రం పక్కన పెట్టించి పావుల్లో చెప్పమంటా. ముప్పావు అంటేనే మూడు పావులు, మాటలోనే ఉంది. రెండున్నర అంటే పది పావులు. పదిలో మూడు ఎన్నిసార్లు పోతుంది? మూడుసార్లు పోయి ఒక పావు మిగులుతుంది, అంతే. హారాలు రెండూ ఒకేలా చేసుకుంటే కింద ఉన్నది ఇక కొలత పేరు మాత్రమే, పైనున్న లవాలనే భాగిస్తాం. ఒక కాగితం మీద గీత గీసి పది గళ్ళు చేసి మూడేసి గళ్ళకి ఒక రంగు వేయించండి, చివర్లో ఒక్క గడి ఒంటరిగా మిగులుతుంది, అది చూశాక 1/3 మీటరు అని రాయదు.

జవాబు 3:
తిరగేయడం గురించి. ముప్పావు గంటలో రెండుంబావు కిలోమీటర్లు నడిస్తే గంటకి ఎంత? ఇక్కడ ముక్కలు కోయడం లేదు, అయినా భాగహారమే, పిల్లలు తికమకపడేది ఇక్కడే. ముప్పావు గంటలో మూడు పావుగంటలున్నాయి కాబట్టి ముందు 3తో భాగించు, పావుగంటకి 3/4 కిలోమీటరు. గంటకి అలాంటివి నాలుగు కాబట్టి 4తో గుణించు, 3 కిలోమీటర్లు. 3తో భాగించి 4తో గుణించాం, అంటే 4/3తో గుణించినట్టే కదా, తిరగేయడం అంటే ఇదే.

ప్రశ్న అడిగినవారు:
చాలా థాంక్సండీ, గళ్ళు వేయించా, వెంటనే పట్టేసింది. తర్వాత 5 లీటర్ల నీళ్ళు, 2/3 లీటరు సీసాలు అని ఇంకోటి ఇస్తే 15 మూడో వంతుల్ని 2తో భాగించి ఏడున్నర అంది, అని ఊరుకోకుండా ఎన్ని సీసాలు నిండుతాయి అంటే 7, నీళ్ళన్నీ పట్టాలంటే 8, ఏది రాయాలమ్మా అని అడిగింది. లెక్కలో ఏమడిగారో మళ్ళీ చదువు అన్నా.