మిర్చి దాచే కాలం గది: ముఠా కూలీకి మరుపు ఎలా రావాలి?

బ్రాడీపేట_కథకుడు:
సైన్సు ఫిక్షన్ కథ ఒకటి రాస్తున్నానండి. గుంటూరు మిర్చి యార్డుకి దగ్గర్లో ఒక షెడ్డు, అందులో కోల్డ్ స్టోరేజీ బదులు కాలాన్ని నిదానం చేసే గది. బయట పది నెలలైతే లోపల ఒక్క నెల. ఫిబ్రవరిలో పెట్టిన తేజ రకం మిర్చి టిక్కీలు (బస్తాలు) డిసెంబరులో తీసినా రంగు దిగదు. గదికి వెళ్లే దారి 12 మీటర్లు. టిక్కీలు మోసే ముఠా కూలీకి నాలుగు నెలల్లో జ్ఞాపకం దెబ్బతినాలి. తలకి దెబ్బ తగిలి పోయి, ఇంకో దెబ్బకి తిరిగొచ్చే సినిమా మతిమరుపు మాత్రం వద్దు. జబ్బు ఎందుకొస్తుంది, ఎలా కనబడుతుంది, డాక్టరు ఎలా పట్టుకోవాలి?

గడియారం_మెకానిక్కు:
గదిలో కూర్చుంటే ఏ జబ్బూ రాదండి. మనిషి మొత్తం ఒకే నిదానంలో ఉంటే గుండె, మెదడు, చేతి వాచీ అన్నీ కలిసే నిదానిస్తాయి, వాడికి తేడా తెలిసే దారే లేదు. బయటికొచ్చాక క్యాలెండరు మారి ఉంటుంది, అంతే.

ప్రమాదమంతా దారిలో ఉంది. అక్కడ నుదురు ఒక కాలంలో, మెడ వెనక భాగం ఇంకో కాలంలో ఉంటాయి. నిజంగా భూమ్మీద కూడా ఎత్తుని బట్టి ఈ తేడా ఉంది. 2010లో అమెరికాలో ఒక అణు గడియారాన్ని 33 సెంటీమీటర్లు పైకెత్తి మరీ కొలిచారు. కాకపోతే అది ఏ మెదడూ పట్టించుకోనంత చిన్నది.

మీ గది లెక్క వేద్దాం. పది రెట్ల తేడాని 12 మీటర్ల మీద సమంగా పరిస్తే, నుదుటి నుంచి వెనక్కి 18 సెంటీమీటర్ల తలలో తేడా మూడున్నర శాతం చిల్లర తక్కువ. దాన్ని ఒక్క శాతానికి దించాలంటే దారి దాదాపు 42 మీటర్లు ఉండాలి. షెడ్డులో అంత చోటుంటే ఇంకో వెయ్యి టిక్కీలు పట్టించవచ్చని ఓనరు దారి కుదించాడనుకోండి, మీకు విలన్ దొరికినట్టే.

ఇంకోటి, దారిని తిన్నగా పెట్టొద్దు. పది రెట్లు నిదానమైన చోటికి బయటి వెలుగు పది రెట్లు పదునెక్కి వస్తుంది. 27 డిగ్రీల మామూలు గోడ వేడి లోపలున్నవాడికి బల్బు ఫిలమెంటు కాకలా తగులుతుంది. రెండు మలుపులు పెట్టండి, లేకపోతే మరుపు రాకముందే మనిషి మాడిపోతాడు.

న్యూరో_ఓపీ:
మెకానిక్కు గారి మూడున్నర శాతం మెదడుకి ఎక్కువే. ఒక నాడీకణం మోగిన 20 మిల్లీసెకన్లలోపు దాని తర్వాతది మోగితే వాటి మధ్య లంకె గట్టిపడుతుంది. వరస తిరగబడితే అదే లంకె సడలుతుంది. మూడున్నర శాతం తేడాతో 20 మిల్లీసెకన్లు జారడానికి సుమారు 0.6 సెకను చాలు. 12 మీటర్లు నడవడానికి బరువుతో 12 సెకన్లు పడుతుంది.

మరి ఒక్క శాతం దగ్గర ఎందుకు రాదంటే, 1665లో డచ్చి శాస్త్రవేత్త హైగెన్స్ ఒకే దూలానికి వేలాడే రెండు లోలకాల గడియారాలు తమంతట తామే కలిసి ఊగడం గమనించాడు. మెదడులోని లయలూ అలా ఒకదాన్నొకటి లాక్కుంటాయి. తేడా చిన్నదైతే సర్దుకుంటాయి, హద్దు దాటితే పట్టు జారుతుంది. ఆ హద్దు మీరు కల్పించుకోవచ్చు.

బ్రాడీపేట_కథకుడు:
కానీ దెబ్బ తినేది ఆ 12 సెకన్ల జ్ఞాపకమే కదండీ? దారిలో నడిచిన సంగతి మర్చిపోతే కథేముంది?

న్యూరో_ఓపీ:
అసలు సరుకు అక్కడే ఉంది. తలుచుకున్న పాత జ్ఞాపకం కాసేపు మళ్లీ పచ్చిగా మారుతుంది, తిరిగి గట్టిపడాలి. 2000లో ఎలుకల మీద దీన్ని చూపించారు. కాబట్టి దారిలో నడుస్తూ దేన్ని తలుచుకుంటే అది సడలుతుంది. రోజుకి వంద టిక్కీలు మోసేవాడు ఏం తలుచుకుంటాడు? తీర్చాల్సిన అప్పు, కూతురి పెళ్లి. అవే ముందు పోతాయి. లెక్క పాడుకుంటూ నడిచేవాడికి ఆ రోజు మోసిన లెక్క పోతుంది.

మామూలు మరుపులో కొత్తవి ముందు పోయి పాతవి నిలుస్తాయి, 1881లో ఫ్రెంచి మనస్తత్వవేత్త రిబో చెప్పిన సూత్రం అది. మీ కూలీకి ఆ వరస ఉండదు. ముప్పై ఏళ్ల కిందటి పెళ్లి పోయి, నిన్నటి పప్పుచారు గుర్తుంటుంది. టిక్కీ వీపుకెత్తే ఒడుపు మాత్రం చెక్కుచెదరదు. 1953లో ఆపరేషన్ అయ్యాక కొత్త సంగతేదీ గుర్తుపెట్టుకోలేకపోయిన హెన్రీ మొలైసన్ కూడా అద్దంలో చూస్తూ గీత గీయడం నేర్చుకున్నాడు. చేతి పనికి మెదడులో దారి వేరు.

పరీక్షలో మొదట మూడు మాటలు చెప్పి ఐదు నిమిషాలాగి అడగాలి. మీవాడు మూడూ చెప్పేస్తాడు, డాక్టరు ఏమీ లేదని పంపించేస్తాడు. రెండోసారి ఊరి సంగతులు కలగలిపి చదివి వరసలో పెట్టమనాలి: కృష్ణా పుష్కరాలు (2016), దుర్గగుడి ఫ్లైఓవర్ తెరవడం (2020), బుడమేరు వరద (2024). అవీ సరిగ్గానే పెడతాడు. మూడోసారి పిల్లల పుట్టిన వరస అడగాలి. అక్కడ ఆగిపోతాడు. కుటుంబం నాటకమనుకునేది ఇక్కడే.

మందు తాగే అలవాటుంటే డాక్టరు ముందు కొర్సకాఫ్ జబ్బనుకుంటాడు. అందులో బి1 విటమిన్ (థయామిన్) లోపంతో మరుపొస్తుంది, ఖాళీల్లో రోగి తెలియకుండానే కట్టుకథలు నింపుతాడు. గ్లూకోజ్ ఎక్కించేముందే థయామిన్ ఇవ్వాలి, ఈ వరస తప్పు రాయకండి. ఎమ్మారై విషయంలో కూడా జాగ్రత్త. ఒక్క రోజులోపు తగ్గిపోయే ట్రాన్సియెంట్ గ్లోబల్ ఆమ్నీషియా అనే అసలు జబ్బులో మొదటి రోజు స్కాన్ శుభ్రంగా ఉండి, రెండు మూడు రోజులకి మెదడులో జ్ఞాపకాలు కట్టే హిప్పోక్యాంపస్‌లో ఆవగింజంత చుక్క కనబడొచ్చు. మీరూ అదే వాడుకోండి.

గడియారం_మెకానిక్కు:
ఓనరు వాదన కూడా రాసుకోండి. కూలీ నుదుటికి ఒక వాచీ, మెడ వెనక ఒకటి కట్టి సాయంత్రం చూపిస్తాడు: సెకను తేడా లేదు. నిజమే, లేదు. లోపలికెళ్లేటప్పుడు నుదురు నిదానం వైపు ముందుంటుంది, వచ్చేటప్పుడు వేగం వైపు ముందుంటుంది, వాచీల లెక్క సరిపోతుంది. మెదడుకి పోతూ ఒకసారి, వస్తూ ఒకసారి దెబ్బే. వాచీలని గది లోపలే, వెనక్కి తిరగకముందే చూడాలి. ఒక్క నడకకి 0.4 సెకను తేడా దొరుకుతుంది. కంటికి తెలియదు, అందుకని రెండూ ఒకే బటన్‌తో ఆగే స్టాప్‌వాచీలు కట్టించండి.