"కాకతీయ రాజ్య భార ధౌరేయ": ఈ ధౌరేయ అంటే ఏంటి?

మొన్న రామప్ప గుడికి వెళ్ళొచ్చాక దాన్ని కట్టించిన రేచర్ల రుద్రుడి గురించి చదువుతున్నా. గణపతిదేవుడి సేనాని, సామంతుడు. ఆయన బిరుదుల్లో ఇదొకటి, ధౌరేయ దగ్గర ఆగిపోయా. ధైర్యానికేమన్నా చుట్టమా?

జవాబు:
కాదండీ, ధైర్యం ధీర నుంచి వచ్చింది. ఇది ధుర్ నుంచి, అంటే కాడి. కాడి మోసే ఎద్దు ధౌరేయం. పాత సంస్కృత నిఘంటువు అమరకోశంలో "ధూర్వహే ధుర్యధౌరేయధురీణాః సధురంధరాః" అని ఉంది చూడండి, వైశ్యవర్గంలో పశువుల మాటల మధ్యే ఉంటుంది, మనం రోజూ పేపర్లో చదివే రాజకీయ ధురంధరుడు, కార్యధురీణుడు అన్నీ ఆ కొట్టంలోంచి వచ్చినవే.

నాకైతే ఈ బిరుదు చాలా ఇష్టం. మా తాతయ్య దుక్కి నుంచి రాగానే ఎద్దు మెడ మీద కాడి ఒరుసుకునే చోట ఆముదం రాసేవారు, అక్కడ వెంట్రుకే ఉండదు, తోలు చెప్పు అట్టలా గట్టిపడిపోయి ఉంటుంది, చెయ్యి పెడితే తెలుస్తుంది ఎన్నేళ్ళు మోసిందో. రుద్రుడి సంగతీ అంతే, గణపతిదేవుడి తండ్రి మహాదేవుడు యుద్ధంలో పోయి, గణపతిదేవుడు దేవగిరి యాదవ రాజుల చెరలో ఉన్నప్పుడు రాజ్యం చెదిరిపోకుండా పట్టుకుంది ఈయనే. 1199లో గణపతిదేవుడు తిరిగొచ్చేసరికి ఏలడానికి రాజ్యమంటూ మిగిలింది. 1213లో పాలంపేటలో గుడి కట్టించి దేవుడికి తన పేరు మీదే రుద్రేశ్వరుడని పెట్టుకున్నాడు, తన సీమలో అంత పెద్దవాడు, అయినా బిరుదులో మాత్రం కాడెద్దునే అని చెప్పుకున్నాడు. అది చిన్నతనం అనుకోలేదు వాళ్ళు.

ఇంకో జవాబు:
అయితే దొర కూడా ఈ ధుర నుంచేనా? రెండూ దగ్గరగానే వినపడుతున్నాయి.

జవాబు:
వినపడ్డానికి దగ్గరే గానీ కలపొద్దండీ. తమిళంలో తురై, కన్నడంలో దొరె ఉన్నాయి, దొర ఆ కుటుంబంలోది. సామంతుడు అన్న మాటే ఇంకా తమాషాగా ఉంటుంది, మొదట్లో దానర్థం పొరుగువాడు, సరిహద్దుకి అవతల ఉండే రాజు. అర్థశాస్త్రంలో ఆ అర్థంలోనే కనపడుతుంది. పొరుగు రాజు ఓడిపోయి కప్పం కట్టేవాడయ్యేసరికి మాట కూడా ఆయనతోపాటే కిందికి దిగింది.

అన్నట్టు చేతులెత్తేసినవాణ్ణి కాడి పడేశాడు అంటాం కదా, రుద్రుడి బిరుదుకి సరిగ్గా ఎదురు మాట అదే. మా వైపు దాపటెద్దు, వలపటెద్దు అనే మాటలు ఇంకా వాడతారు, మెడ మీద గట్టిపడే ఆ చోటుకి మాత్రం మా ఊళ్ళో పేరు వినలేదు. మీ దగ్గర ఏమంటారో చెప్పండి, జిల్లా పేరు కూడా రాయండి.