అమెరికాలోని విపరీత సమూహాలపై టీవీ డాక్యుమెంటరీలు: పిల్లల విషయంలో నిర్ణయం ఎవరిది?

నమస్కారం. అమెరికాలో ప్రధాన స్రవంతికి దూరంగా బతికే సమూహాలను టెలివిజన్ ఎలా చూపిందనే విషయంపై ఒక వ్యాసం రాస్తున్నాను. బీబీసీ కోసం డాక్యుమెంటరీ రూపకర్త లూయీ థెరూ 1998 నుంచి 2000 వరకు చేసిన ధారావాహికలో ఐడహోలో ప్రళయానికి సిద్ధమవుతున్నవారు, గ్రహాంతరవాసులను నమ్మేవారు, కుస్తీ వస్తాదులు కనిపిస్తారు. వారితో కలిసిమెలిసి తిరుగుతూ, ఏమీ తెలియనివాడిలా నెమ్మదిగా ప్రశ్నలడిగే ఆయన పద్ధతి నాకెంతో నచ్చింది.

నా కలం ఆగిపోయింది మాత్రం 2007లో క్యాన్సస్ రాష్ట్రం టొపీకాలోని వెస్ట్‌బరో బాప్టిస్ట్ చర్చిపై ఆయన చేసిన కార్యక్రమం దగ్గర. సైనికుల అంత్యక్రియల వద్ద ద్వేషపు నినాదాలతో నిలబడే, ఆ చర్చిని నడిపే కుటుంబం తమ పిల్లల చేతికి కూడా ప్లకార్డులిస్తుంది. దారిన పోయే కారులోంచి ఎవరో విసిరిన కూల్‌డ్రింక్ కప్పు ఒక చిన్న పిల్లవాడికి తగులుతుంది. ఆ దృశ్యం చూసిన ప్రతిసారీ నా మనసు కలుక్కుమంటుంది. ఆయన 2011లోనూ, 2019లోనూ అక్కడికి మళ్లీ వెళ్లారు. ఈలోగా ఆ పిల్లల్లో కొందరు పెద్దవారై చర్చిని వదిలేశారు.

తల్లిదండ్రులు ఒప్పుకున్నా సరే, 18 ఏళ్లలోపు వారి క్షేమాన్ని, గౌరవాన్ని కాపాడాలని బ్రిటన్‌లో ప్రసారాలను నియంత్రించే ఆఫ్‌కామ్ సంస్థ నియమావళి చెబుతోంది. డాక్యుమెంటరీ రంగంలో పనిచేసినవారు దయచేసి చెప్పండి: తాను పట్టుకున్న ప్లకార్డు మీది మాటకు అర్థం తెలియని పిల్లవాడి ముఖం చూపాలా వద్దా అని ఎడిటింగ్ గదిలో నిజంగా ఎవరు తేలుస్తారు? పెద్దయ్యాక ఆ దృశ్యం తీసేయమని అతడే అడిగితే ఛానల్ వారు ఏం చేస్తారు?