జూలూ అత్తగారింటి వంశవృక్షం ఎలా రాయాలి?

డర్బన్‌కోడలు: మా ఆయన దక్షిణాఫ్రికాలోని జూలూ జాతివారు. అత్తయ్య ఏ ఆదివారమూ చర్చి మానరు. కానీ ఊళ్లో గుండ్రటి ఇంట్లో, గుమ్మానికి ఎదురుగా లోపలి గోడవైపు ‘ఉంసామో’ అనే చోట ఇంపెఫో ఆకు కాల్చి, పోయిన మామయ్యకి మా పాప పరీక్షల సంగతి కూడా చెప్తారు. పాపకోసం వంశం రాద్దామంటే చర్చి రిజిస్టరు ముత్తాత దగ్గరే ఆగింది. అదీ ‘జాన్’ అని! పైవాళ్లని ఎలా పట్టుకోవాలి?

పాతకాగితాలు: జాన్ బాప్తిస్మం పేరై ఉంటుందండీ, ఇంట్లో పిలిచే పేరు అడగండి. ‘ఇజితకజెలో’ చెప్పించండి. ఇంటిపేరు వెంట వరసగా చదివే పొగడ్త పేర్లు, చాలావరకు పూర్వీకులవే. మధ్యలో ఆపకండి, లయ తప్పితే పేర్లు జారిపోతాయి.

విశ్వాసి: చర్చికెళ్తూ ఇదేంటండీ?

పాతకాగితాలు: అక్కడ కొత్తేం కాదు. ఐజయా షెంబే 1910లో మొదలుపెట్టిన నజరేత్ బాప్టిస్టు చర్చిలో పూర్వీకులకీ చోటుంది. జూలూల్లో ఒకే ఇంటిపేరువాళ్లు ఒకరినొకరు పెళ్లాడరు కూడా, అచ్చం మనలాగే.

డర్బన్‌కోడలు: రికార్డు చేశా. ఆరో పేరు దగ్గర అత్తయ్య ఆగి, గొంతు సవరించుకుని మళ్లీ మొదటినుంచీ అందుకున్నారు.